పెళ్లి బ్లౌజు డిజైనర్ దగ్గర ఆగిపోతే ఏం చేయాలి: ఆర్డర్ రోజు నుంచి ముహూర్తం దాకా

మూఢం వెళ్లి ముహూర్తాలు మొదలయ్యాయంటే నాకు ఫోన్లు మొదలవుతాయి. "అక్కా, పెళ్లి ఇంకా పన్నెండు రోజులే ఉంది, బొటీక్ ఆవిడ ఫోన్ ఎత్తట్లేదు, మెసేజ్ చూసి కూడా పలకట్లేదు, ఏం చేసేది?" అని. ఒక్కొక్కరికీ విడివిడిగా చెప్పి చెప్పి గొంతు పోతోంది కాబట్టి మొత్తం ఒకచోట రాసేస్తున్నా.

ఇదంతా దెబ్బ తిని నేర్చుకున్నదే. మా చెల్లి పెళ్లి కావలిలో. బ్లౌజులు మూడు, రిసెప్షన్ లెహంగా ఒకటి నెల్లూరులో ఒక బొటీక్‌లో ఇచ్చాం. "వర్క్ నడుస్తోంది మేడం, ఫ్రేమ్ మీదుంది" అనే మాట మూడు వారాలు విన్నాం. పెళ్లికి తొమ్మిది రోజుల ముందు చెప్పాపెట్టకుండా వెళ్తే ముహూర్తం బ్లౌజు పీసు అరలో, మేం ఇచ్చిన కవర్లోనే ఉంది. ఆ కవరుకి మా అమ్మ వేసిన ముడి కూడా విప్పలేదు.

అప్పుడర్థమైంది, "ఎప్పుడిస్తారు" అని అడగడం శుద్ధ దండగని. ఆ ప్రశ్నకి "రేపు" అనే జవాబు ఎప్పుడూ రెడీగా ఉంటుంది. "ఇప్పుడు ఏ దశలో ఉంది, చూపించండి" అని అడగాలి.

1. ముహూర్తం నుంచి వెనక్కి లెక్కపెట్టండి

చాలామంది ముహూర్తం తేదీనే గడువుగా చెప్తారు. తప్పు. పెళ్లికూతుర్ని చేసే రోజుకే బట్టలన్నీ ఇంట్లో ఉండాలి, ఆ తర్వాత బజారుకి పోయే మనిషి ఇంట్లో ఎవరూ మిగలరు.

మగ్గం వర్క్ (గుడ్డని చెక్క ఫ్రేముకి బిగించి జరీ, పూసలు కుట్టే పని) బ్లౌజుకి నేను వేసే లెక్క ఇది:

- 60 రోజుల ముందు: ఆర్డర్, కొలతలు, డిజైన్ ఖరారు
- 45 రోజుల ముందు: ట్రేసింగ్ (డిజైన్ గుడ్డ మీదికి దించడం) అయిపోవాలి
- 35 రోజుల ముందు: ఫ్రేమ్ మీద వర్క్ మొదలవ్వాలి
- 25 రోజుల ముందు: వర్క్ పూర్తయి ఫ్రేమ్ నుంచి దించాలి
- 15 రోజుల ముందు: మొదటి ట్రయల్
- 7 రోజుల ముందు: బట్టలు ఇంట్లో

లెహంగా అయితే ఇంకో నెల కలపండి.

కొందరు పెళ్లి తేదీ పది రోజులు ముందుకి జరిపి చెప్పమని సలహా ఇస్తారు. నాకది నచ్చదు, పైగా పనిచేయదు కూడా. శుభలేఖ వాళ్ల చేతికి మనమే ఇస్తాం కదా. నిజం తేదీ చెప్పి, "మాకు మాత్రం ఫలానా రోజుకి ఇంట్లో ఉండాలి" అని రెండో తేదీ రాయించండి.

ఇంకో మాట. మన దగ్గర మగ్గం పనిచేసే వాళ్లలో చాలామంది బెంగాల్ నుంచి వచ్చినవాళ్లు. రంజాన్‌కో, వాళ్ల ఊళ్లో ఎన్నికలకో వెళ్లారంటే వారాల తరబడి ఫ్రేములు ఖాళీగా ఉంటాయి. మీ తేదీల మధ్యలో అలాంటిదేమైనా పడుతోందేమో ఆర్డర్ ఇచ్చేటప్పుడే అడగండి.

2. ఆర్డర్ ఇచ్చే రోజు చేయాల్సినవి

ముందుగా ఒక్క ప్రశ్న: "వర్క్ మీ దగ్గరే చేస్తారా, బయటికిస్తారా?" చాలా బొటీకుల్లో సొంత ఫ్రేములుండవు, బయట వర్క్ చేసేవాళ్లకి ఇచ్చి చేయించుకుంటారు. అందులో తప్పేం లేదు. కానీ అప్పుడు మీ బ్లౌజు ఎక్కడుందో ఆవిడకే తెలియకపోవచ్చు, మీకు "రేపు" అని చెప్పే ఆవిడకి కూడా ఇంకెవరో "రేపు" అని చెప్తుంటారు.

చీర మొత్తం వదిలి రాకండి. ఈ గైడ్‌లో ఒక్కటే గుర్తుపెట్టుకుంటానంటే ఇది గుర్తుపెట్టుకోండి. చీరతో కలిసి వచ్చే బ్లౌజు పీసుని కొన్న షాపులోనే కత్తిరించి ఇమ్మనండి, పీసు మాత్రమే బొటీక్‌కి ఇవ్వండి. రంగు మ్యాచింగ్‌కి చీర కావాలంటే అక్కడే కూర్చుని, అంచు పక్కన జరీ దారం, పూసలు పెట్టి ఎంచుకుని, చీర వెనక్కి తెచ్చుకోండి. ఫాల్, జిగ్‌జాగ్, కొంగు కుచ్చులు ఇంకొకరి దగ్గర చేయించుకోవచ్చు. చీర ఇంట్లో ఉంటే సగం టెన్షన్ పోయినట్టే, ఎందుకంటే బ్లౌజుకి ప్రత్యామ్నాయం ఒక్క రోజులో దొరుకుతుంది, ముప్పై వేల కంచిపట్టుకి దొరకదు.

జరీ రంగు మాత్రం ట్యూబ్‌లైటు కింద చూసి ఒప్పుకోకండి. గుమ్మం బయటికి తెచ్చి ఎండలో చూడండి.

డిజైన్ విషయంలో మన తప్పు కూడా ఉంటుంది. ఎనిమిది స్క్రీన్‌షాట్లు పంపి "ఇలాంటిది" అంటాం. మెడ దీనిలోది, చేతులు దానిలోవి అని ఆవిడకి ఎలా తెలుస్తుంది? ఒక తెల్లకాగితం మీద ముందు మెడ, వెనక మెడ, చెయ్యి అని మూడు బొమ్మలు వేయించి, ఒక్కోదాని పక్కన లోతు, పొడవు అంగుళాల్లో రాయించండి. బొమ్మ బాగుండాల్సిన పని లేదు, అంకెలుంటే చాలు.

వెంకటగిరి లాంటి పల్చటి నేతకి బరువైన వర్క్ చేయిస్తుంటే కింద ఇంకో గుడ్డ వేసి చేస్తున్నారా అని అడగండి. లేకపోతే పూసల బరువుకి గుడ్డ లాగేస్తుంది.

చీటీ మీద ఉండాల్సినవి:

- ఏ ఈవెంట్‌కి ఏ బ్లౌజు, దాని రంగు (ముహూర్తం, ప్రధానం, రిసెప్షన్ అని విడివిడిగా)
- మీరు ఇచ్చిన వస్తువులు: పీసు ఎన్ని మీటర్లు, లేసు, లాకెట్ల లాంటివి ఏమైనా ఉంటే అవి
- ట్రయల్ తేదీ, ఇచ్చే తేదీ, పెళ్లి తేదీ
- మొత్తం ధర, అందులో వర్క్ ఎంత, కుట్టు ఎంత
- అడ్వాన్స్ ఎంత ఇచ్చారు
- "పెళ్లి కోసం కాబట్టి ఈ తేదీ దాటితే మాకు అక్కర్లేదు" అనే ఒక్క వాక్యం

ఆ చివరి వాక్యం రాయమంటే మొహమాటంగా ఉంటుంది, నిజమే. నవ్వుతూ అడగండి, రాస్తారు. భారత కాంట్రాక్టు చట్టం (1872) 55వ సెక్షన్ ప్రకారం గడువే ముఖ్యమని ఇద్దరూ అనుకున్న ఒప్పందంలో గడువు తప్పితే, దాన్ని రద్దు చేసుకునే హక్కు మీకుంటుంది. ఆ గడువు ముఖ్యమని ముందే చెప్పామనడానికి ఆ వాక్యం సాక్ష్యం.

వాళ్లు రాయకపోతే ఇంటికి రాగానే అవే వివరాలు వాట్సాప్‌లో పంపి "సరేనా మేడం?" అని అడగండి. ఆవిడ "ఓకే" అన్నా, ఒక దండం బొమ్మ పెట్టినా చాలు.

3. డబ్బు ఒకేసారి ఇవ్వకండి

"మెటీరియల్ కొనాలి, మొత్తం ఇచ్చేయండి" అంటే ఒప్పుకోవద్దు. మూడు భాగాలు చేయండి: ఆర్డర్ రోజు మూడో వంతు, వర్క్ పూర్తయి మీ కళ్లతో చూశాక మూడో వంతు, చివరి ట్రయల్ సరిపోయాక మిగతాది. అంతా యూపీఐలోనే పంపండి, నోట్‌లో "ముహూర్తం బ్లౌజు అడ్వాన్స్" అని రాయండి. నగదే కావాలంటే చీటీ మీద సంతకం పెట్టించుకోండి.

4. దశ అడగండి, ఫోటో అడగండి

మగ్గం బ్లౌజు ఎలా తయారవుతుందో తెలిస్తే మిమ్మల్ని మాటలతో తిప్పడం కష్టం. ముందు కొలతల ప్రకారం కాగితం మీద డిజైన్ గీసి, గీత వెంట సూదితో సన్నటి చిల్లులు పొడుస్తారు. ఆ కాగితాన్ని గుడ్డ మీద పరిచి, కిరసనాయిల్లో కలిపిన తెల్ల పొడితో రుద్దితే చిల్లుల్లోంచి చుక్కలు గుడ్డ మీద పడతాయి, అదే ట్రేసింగ్. తర్వాత గుడ్డని చెక్క ఫ్రేముకి బిగిస్తారు, నలువైపులా దారాలు లాగి డప్పులాగా. అప్పుడు అటూ ఇటూ కూర్చుని ఆరి సూదితో జరీ, పూసలు, కుందన్లు కుడతారు. అదయ్యాక దించి, కత్తిరించి, లైనింగ్ వేసి కుట్టు, చివర్లో హుక్కులు, టాసెల్స్.

ఇందులో మీరు పట్టుకోవాల్సింది ట్రేసింగ్. కారణాలు రెండు. మెడ లోతు, చేతుల పొడవు మార్చుకోడానికి అదే ఆఖరి అవకాశం, ఒకసారి మెడ చుట్టూ వర్క్ పడ్డాక మెడ మారదు. రెండోది, చెల్లి బ్లౌజు తర్వాత నేను చూసిన ప్రతి కేసులోనూ ఆలస్యం అక్కడే మొదలైంది. ట్రేసింగ్ అయిన గుడ్డ ఫ్రేమెక్కాల్సిందే, ఫ్రేమెక్కింది దిగాల్సిందే, లేకపోతే వాళ్లకే చోటు ఉండదు. ముడి విప్పని కవర్ మాత్రం అరలో ఎన్నాళ్లైనా ఉంటుంది.

అందుకని ఫోటోలు ఇలా అడగండి:

- ట్రేసింగ్ పడిన గుడ్డ (తెల్ల చుక్కలు కనపడాలి)
- ఫ్రేమ్ మీద, మీ పీసు అంచు కూడా కనపడేలా
- వర్క్ సగంలో
- దించాక, కత్తిరించక ముందు

"మీ పీసు అంచు కనపడేలా" అని ఎందుకంటున్నానంటే, వేరే పెళ్లికూతురి ఎర్ర బ్లౌజు ఫోటో మాకు పంపారు. చెల్లి అంచు మామిడి పిందెలు, ఫోటోలో రుద్రాక్ష అంచు. అమ్మే కనిపెట్టింది.

వారానికి ఒకసారి, ఒకే రోజు, ఒకే మనిషి అడగాలి. పెళ్లికూతురు ఒకసారి, వాళ్లమ్మ ఒకసారి, పిన్ని ఒకసారి ఫోన్ చేస్తే ముగ్గురికీ మూడు జవాబులొస్తాయి, చివరికి "మీ అమ్మగారే మార్చమన్నారు" అంటారు.

5. తేడా కొడుతోందని ఎలా తెలుస్తుంది

ఒక్కటి జరిగితే కంగారు పడక్కర్లేదు. రెండు కలిస్తే మాత్రం ఆరో పాయింట్‌కి వెళ్లిపోండి.

- ఫోటో అడిగితే "వర్కర్ దగ్గర ఉంది" అని రెండుసార్లు అన్నారు
- ట్రయల్ తేదీ రెండుసార్లు మారింది
- కొలతలు మళ్లీ అడిగారు (చీటీ పోయిందన్నమాట)
- మిగతా డబ్బు ముందే పంపమంటున్నారు
- ఇన్‌స్టాగ్రామ్‌లో కొత్త పోస్టులు పడుతున్నాయి, మీ మెసేజ్‌కి మాత్రం జవాబు లేదు

చివరిది చూస్తే ఒళ్లు మండుతుంది, తెలుసు. ఆ పోస్టు కింద తిట్టి రాయకండి. మీ గుడ్డ ఇంకా వాళ్ల దగ్గరే ఉంది.

6. పలకకపోతే ఏ వరుసలో వెళ్లాలి

మొదటి రోజు: ఒక్క ఫోన్, ఎత్తకపోతే ఒక్క మెసేజ్. ఇరవై మిస్డ్ కాల్స్ కొడితే ఇంకా ఎత్తరు. మెసేజ్‌లో కోపం వద్దు, తేదీలు ఉండాలి. ఇలా పంపండి:

"నమస్తే మేడం. మాది ఎర్ర కంచి ముహూర్తం బ్లౌజు. 12వ తేదీ ట్రయల్ అన్నారు, ఈరోజు 15. ఇప్పుడు ఏ దశలో ఉందో అంచు కనపడేలా ఒక ఫోటో రేపు సాయంత్రం 6 లోపు పంపండి. 20కి ట్రయల్ కాకపోతే ఏ దశలో ఉన్నా సరే పీసు తీసుకెళ్తాం. పని భారం ఎక్కువైతే చెప్పండి, వర్క్ తగ్గించుకుంటాం."

ఆ చివరి వాక్యం చాలా ముఖ్యం. చాలాసార్లు ఆవిడ దొంగేమీ కాదు, సీజన్లో పట్టగలిగిన దానికంటే ఎక్కువ ఆర్డర్లు పట్టి, చెప్పడానికి మొహం చెల్లక ఫోన్ ఎత్తట్లేదు. తప్పించుకునే దారి మీరే చూపిస్తే నిజం బయటికొస్తుంది. చేతుల మీద నిండా వర్క్ బదులు అంచు వరకే చాలంటే రోజులు కలిసొస్తాయి.

రెండో రోజు: ఫోటో రాకపోతే ఇంకో నంబర్ నుంచి చేయండి, లేదా షాపులో పనిచేసే అమ్మాయితో మాట్లాడండి. ఆ అమ్మాయిలు నిజం చెప్తారు. "అక్కా, ఇంకా మొదలుపెట్టలా" అని మాకు చెప్పింది అలాంటి పిల్లే.

మూడో రోజు: వెళ్లండి. పొద్దున్నే షాపు తీసే టైముకి వెళ్లండి, సాయంత్రం వెళ్తే కస్టమర్ల గోలలో మీతో మాట్లాడరు. ఇద్దరు చాలు. అయిదుగురు మగవాళ్లని వెంటేసుకుని వెళ్తే విషయం బ్లౌజు నుంచి పరువు మీదికి పోతుంది.

షాపులో:

- ముందు గుడ్డ చూపించమనండి, మాటలు తర్వాత
- ఏ దశలో ఉందో అక్కడే ఫోటో తీసుకోండి
- బయట ఇచ్చామంటే అక్కడికి కలిసి వెళ్దామనండి
- కొత్త తేదీ చెప్తే పాత చీటీ మీదే రాయించి సంతకం తీసుకోండి
- ఆ తేదీకి కాకపోతే అడ్వాన్స్ ఎంత వెనక్కిస్తారో కూడా అప్పుడే రాయించండి

హైదరాబాద్‌లోనో చెన్నైలోనో ఇచ్చినవాళ్లకి ఇది కష్టమే. ఆ ఊళ్లో ఉన్న చుట్టాన్నో స్నేహితుణ్నో పంపండి, మనిషి గుమ్మంలో నిలబడితే వచ్చే జవాబు ఫోన్‌లో రాదు. నెల్లూరు నుంచైతే చెన్నై పొద్దున వెళ్లి రాత్రికి రావచ్చు. కొరియర్‌లో పంపుతామంటే పెళ్లికి వారం లోపు ఒప్పుకోకండి, రైల్లోనో బస్సులోనో మనిషే వెళ్లి తెచ్చుకోవాలి.

7. గుడ్డ వెనక్కి తెచ్చుకునే రోజు

ఇది ముందే నిర్ణయించుకోవాలి, ఆ రోజు వచ్చాక ఏడుస్తూ నిర్ణయించుకునేది కాదు. నా లెక్క: 12 రోజుల ముందుకి వర్క్ మొదలవ్వకపోతే తీసేసుకోండి. వర్క్ సగం దాటి ఉంటే ఆగండి, కానీ కుట్టు వేరే టైలర్ దగ్గర పెట్టుకోండి, ఇద్దరు పంచుకుంటే నాలుగైదు రోజులు మిగులుతాయి. 5 రోజుల ముందు కూడా ఫ్రేమ్ మీదే ఉంటే దాని మీద ఆశ వదిలి రెండో బ్లౌజు సిద్ధం చేసుకోండి, అది వస్తే రిసెప్షన్‌కో పదహారు రోజుల పండక్కో పనికొస్తుంది.

రెండో దారులు, నేను వాడమనే వరుసలో:

ముందు రెడీమేడ్ వర్క్ బ్లౌజు పీసులు. మెడ, చేతుల వర్క్ చేసేసి కుట్టకుండా అమ్ముతారు. నెల్లూరు ట్రంక్ రోడ్డు, చిన్నబజారు వైపు, ఒంగోల్లోనూ ట్రంక్ రోడ్డు వైపు వెతికితే ఎరుపు, ఆకుపచ్చ, బంగారు రంగులు కచ్చితంగా దొరుకుతాయి. మామూలు టైలర్ ఒక రోజులో కుట్టిస్తుంది. మా చెల్లి పీటల మీద కూర్చుంది దానితోనే, ఫోటోల్లో ఎవరూ కనిపెట్టలేదు.

అది దొరకకపోతే మ్యాచింగ్ సెంటర్లో రా సిల్క్ మీటరు తీసుకుని సాదాగా కుట్టించి, చేతులకి రెడీమేడ్ వర్క్ అంచు అతికించండి. కాసులపేరు, వడ్డాణం, వంకీలు, పూలజడ అన్నీ పడ్డాక బ్లౌజు ఎంత కనిపిస్తుందో ఒక్కసారి పాత పెళ్లి ఆల్బమ్ తీసి చూడండి. తలంబ్రాల టైముకి మధుపర్కాలు కట్టే ఇళ్లలో అయితే మరీను.

లెహంగా అయితే అద్దెకి తీసుకోండి. సిగ్గుపడాల్సిందేం లేదు, మూడు గంటలు వేసుకునేదానికి. కాకపోతే సీజన్లో అద్దెవి కూడా ముందే బుక్ అయిపోతాయి, కాబట్టి అనుమానం వచ్చిన రోజే ఒకటి చూసి పెట్టుకోండి.

మొహమాటానికి పోయి "ఇంకొక్క రోజు చూద్దాం" అంటూ ఈ దారులన్నీ మూసుకోకండి. మేం పోగొట్టుకున్న రోజులన్నీ ఆ మాట దగ్గరే పోయాయి.

8. ఆఖర్లో వచ్చింది, సరిపోలేదు

ఆలస్యంగా వచ్చిన బ్లౌజు హడావిడిగా కుట్టిందే. షాపులోనే వేసుకుని చూడండి, పెళ్లికి వేసుకునే లోదుస్తులతోనే. చేతులు పైకెత్తండి, కూర్చోండి, వంగండి. లెహంగా అయితే ఆ రోజు వేసుకునే చెప్పులతో పొడవు చూడండి.

- బిగువుగా ఉంటే: పక్క కుట్లలో మార్జిన్ వదిలారా చూడండి. ఆర్డర్ రోజే రెండు పక్కలా అంగుళం చొప్పున వదలమని చెప్పాలి
- మార్జిన్ లేకపోతే: చంక కింద అదే రంగు గుడ్డ ముక్క వేయించండి, చీర కప్పేస్తుంది
- వదులుగా ఉంటే: పక్కన కుట్టు వేస్తే చాలు, మెడ జోలికి పోవద్దు
- వెనక మెడ జారుతుంటే: పైన తాడు కుట్టించండి
- లోపల గుచ్చుకుంటుంటే: వర్క్ వెనక మెత్తటి లైనింగ్ ఇంకో పొర
- పూసలు ఊడుతుంటే: దారం చివర్లు లోపలి వైపు ముడి వేయించండి, బయట జిగురు పూస్తే మరక కనపడుతుంది

పెళ్లిరోజు సంచిలో సూది, చీర రంగు దారం, హుక్కులు ఆరు, పిన్నీసులు, చిన్న కత్తెర. అది మేనత్త చేతిలో పెట్టండి, పెళ్లికూతురి గదిలో పెడితే ఆ జనంలో దొరకదు.

9. డబ్బు సంగతి పెళ్లయ్యాక

పెళ్లి లోపు గుడ్డ కోసం, పెళ్లయ్యాక డబ్బు కోసం. రెండూ ఒకేసారి పెట్టుకుంటే రెండూ రావు.

మొదట ఒక కాగితం రాయండి: ఎంత ఇచ్చాం, ఏ తేదీకి ఇస్తామన్నారు, ఏం జరిగింది, ఎంత వెనక్కి కావాలి, 15 రోజుల గడువు. రసీదు ఉండేలా స్పీడ్ పోస్టులో పంపి, అదే వాట్సాప్‌లోనూ పెట్టండి. సగం కేసులు ఇక్కడే తేలిపోతాయని నా అనుభవం.

తేలకపోతే 1915కి ఫోన్ చేయండి, అది జాతీయ వినియోగదారుల హెల్ప్‌లైన్, తెలుగులోనూ మాట్లాడొచ్చు. దానికీ లొంగకపోతే జిల్లా వినియోగదారుల కమిషన్, నెల్లూరులోనూ ఒంగోల్లోనూ ఉంది. 2019 వినియోగదారుల రక్షణ చట్టం ప్రకారం షాపు వేరే ఊళ్లో ఉన్నా మీరు ఉండే జిల్లాలోనే కేసు వేయొచ్చు. చెల్లించిన మొత్తం 5 లక్షల లోపైతే ఫీజు లేదు, లాయర్ తప్పనిసరి కాదు, ఇ-జాగృతి పోర్టల్‌లో ఇంటి నుంచే వేయొచ్చు. గడువు రెండేళ్లు.

దాచుకోవాల్సినవి: చీటీ, యూపీఐ స్క్రీన్‌షాట్లు, వాట్సాప్ చాట్ మొత్తం (నచ్చని మెసేజ్‌లు డిలీట్ చేయకండి, మీవి కూడా), షాపులో తీసిన ఫోటోలు, ప్రత్యామ్నాయానికి అయిన ఖర్చు బిల్లులు. చెడిపోయిన బ్లౌజుని బాగుచేయించక ముందే నాలుగు వైపులా ఫోటో తీయండి.

మేం కేసుదాకా పోలేదు. కాగితం అందిన వారానికి వర్క్ తాలూకు అడ్వాన్స్ వెనక్కి పంపారు, లెహంగా కుట్టుకూలి మాత్రం రాలేదు, అమ్మ ఇక వదిలేయమంది. ముడి విప్పని ఆ పీసు ఇంకా బీరువాలోనే ఉంది. చెల్లి సీమంతానికి కుట్టించాలి, ఈసారి మా వీధి చివర టైలరమ్మ దగ్గర.